కాలేజీలో ఆట కొనసాగించాలా, ఆపాలా? అమెరికాలోని తెలుగు కుటుంబాలకు ఒక పోలిక

పదకొండో తరగతి చలికాలం వచ్చేసరికి అమెరికాలోని చాలా తెలుగు ఇళ్లలో ఒక చర్చ మొదలవుతుంది. ఏడెనిమిదేళ్లుగా వారానికి ఐదారు రోజులు ఈత కొలనుకో, టెన్నిస్ కోర్టుకో తీసుకెళ్లిన బిడ్డ ఇంకో ఏడాదిన్నరలో కాలేజీకి వెళ్తుంది. అక్కడా ఆట కొనసాగాలా, ఇక్కడితో ఆపాలా? తండ్రి ఒకటంటాడు, తల్లి ఇంకొకటంటుంది, కోచ్ మరొకటంటాడు. బిడ్డ మాత్రం ఏమీ అనకుండా కారు వెనక సీట్లో పెరుగన్నం డబ్బా ఖాళీ చేస్తూ కూర్చుంటుంది.

మా ఇంట్లో ఈ చర్చ రెండుసార్లు జరిగింది. మేము ఉండేది డాలస్ శివార్లలో. మా అమ్మాయి కాలేజీలో ఈత కొనసాగించింది. ఆమెకన్నా మూడేళ్లు చిన్నవాడైన అబ్బాయి టెన్నిస్ ఆపేశాడు. ఇద్దరూ సరైన పనే చేశారని నా నమ్మకం. అయితే ఆ నిర్ణయాల దగ్గరికి చేరేలోపు తండ్రిగా నేను చాలా తప్పటడుగులు వేశాను. అన్నిటిలోకీ పెద్దది, ప్రశ్నను ‘ఆడటమా, మానడమా’ అని రెండు ముక్కలుగా చూడటం. నిజానికి దారులు ఐదారున్నాయి. ఒక్కో దారిలో మీ బిడ్డకు సోమవారం నుంచి ఆదివారం దాకా గడిచే వారం ఒక్కోలా ఉంటుంది. ముందు ఆ వారాన్ని చూడండి. కాలేజీ పేరు, కోచ్ పొగడ్త, మనం ఇన్నాళ్లూ కట్టిన ఫీజులు ఆ తర్వాత చూడవచ్చు.

ముందు మీ ఆట జాబితాలో ఉందా?

మన పిల్లలు ఎక్కువగా ఆడే బ్యాడ్మింటన్, అమెరికాలో కాలేజీ క్రీడలను నడిపే ఎన్‌సీఏఏ సంస్థ జాబితాలోని ఆట కాదు. క్రికెట్టూ కాదు, టేబుల్ టెన్నిసూ కాదు. వీటికి చాలా విశ్వవిద్యాలయాల్లో విద్యార్థుల క్లబ్బులున్నాయి, కాలేజీల మధ్య పోటీలూ జరుగుతాయి. కానీ కోచ్ వచ్చి ఎంపిక చేసుకోవడం, దాని ద్వారా సీటు దొరకడం సాధారణంగా ఉండవు. 2028 లాస్ ఏంజెలెస్ ఒలింపిక్స్‌లో క్రికెట్ ఉంది కాబట్టి కాలేజీల్లోకీ వస్తుందేమో అని మా ఊళ్లో కొందరు తల్లిదండ్రులు ఆశపడుతున్నారు. ఇప్పుడు తొమ్మిదో తరగతిలో ఉన్న పిల్లవాడి భవిష్యత్తును ఆ ఆశ మీద కట్టవద్దు. చదరంగం సంగతి వేరు. యూటీ డాలస్ లాంటి కొన్ని విశ్వవిద్యాలయాలు చదరంగ క్రీడాకారులకు స్కాలర్‌షిప్ ఇస్తాయి.

ఈత, టెన్నిస్, గోల్ఫ్, ట్రాక్, సాకర్, వాలీబాల్, ఫెన్సింగ్ లాంటివి జాబితాలో ఉన్నాయి. అయినా లెక్క కఠినమే. హైస్కూలు జట్లలో ఆడే వందమందిలో కాలేజీ జట్టులోకి వెళ్లేవారు సుమారు ఏడుగురని ఎన్‌సీఏఏ చెబుతుంది. వారిలో, మూడు డివిజన్లలో అత్యున్నత స్థాయి అయిన డివిజన్ వన్‌కు చేరేది ఇద్దరు. కాలేజీ తర్వాత ఆటే వృత్తిగా బతికేవారు ఆ కాలేజీ ఆటగాళ్లలో నూటికి ఇద్దరు కూడా ఉండరు.

నెల్లూరు మూలాలున్న నిశేష్ బసవరెడ్డి కథ మనందరికీ తెలుసు. ఇండియానాలో పెరిగి, స్టాన్‌ఫర్డ్‌లో రెండేళ్లు ఆడి, 2024 చివర్లో ప్రొఫెషనల్ అయ్యాడు. 2025 జనవరిలో ఆస్ట్రేలియన్ ఓపెన్ మొదటి రౌండ్‌లో జొకోవిచ్ మీద తొలి సెట్ గెలిచాడు. ఆ రాత్రి మా వాట్సాప్ గుంపులు నిద్రపోలేదు. గర్వపడదాం. కానీ ఆ కుర్రాడు కాలేజీలో చేరేనాటికే 2022 యూఎస్ ఓపెన్ బాలుర డబుల్స్ విజేత. 2007, 2008లలో వర్జీనియా విశ్వవిద్యాలయం తరఫున వరుసగా ఎన్‌సీఏఏ సింగిల్స్ గెలిచిన సోమ్‌దేవ్ దేవవర్మన్, అలబామా తరఫున ఆడిన మన సాకేత్ మైనేని కూడా అంతే. ఆటలో అప్పటికే చాలా ఎత్తుకు వెళ్లినవారికి కాలేజీ మరో మెట్టు అయింది. మీ బిడ్డ జిల్లా స్థాయిలో బాగా ఆడుతుంటే, చూడాల్సిన పోలిక వాళ్లతో కాదు.

మరి ఎవరితో? నాకు ఆలస్యంగా తెలిసిన ఒక మంచి పద్ధతి చెబుతాను. ఈత, ట్రాక్ అయితే మీరు అనుకుంటున్న కాలేజీ ఏ కాన్ఫరెన్స్‌లో (తమలో తాము పోటీపడే కాలేజీల గుంపులో) ఉందో చూసి, నిరుటి కాన్ఫరెన్స్ పోటీల ఫలితాలు తెరవండి. మీ బిడ్డ సమయం ఎన్నో స్థానంలో పడుతుందో వేలు పెట్టి వెతకండి. మా అమ్మాయికి 100 గజాల బ్రెస్ట్‌స్ట్రోక్ 1:04. ఒక డివిజన్ వన్ కాన్ఫరెన్స్‌లో ఆ సమయం ఫైనల్స్‌కు బాగా కిందే ఆగిపోయింది. ఒక డివిజన్ త్రీ కాన్ఫరెన్స్‌లో అదే సమయానికి ఫైనల్లో చోటు దొరికింది. టెన్నిస్ అయితే ఆ కాలేజీ జట్టులో ఆరో స్థానంలో ఆడే విద్యార్థి యూటీఆర్ (టెన్నిస్ ఆటగాళ్ల స్థాయిని అంకెలో చెప్పే) రేటింగ్ చూడండి. మీ బిడ్డ దానికి దగ్గర్లో లేకపోతే ఆ జట్టులో నాలుగేళ్లూ బెంచీ మీదే గడవవచ్చు. డివిజన్ వన్ టెన్నిస్‌లో సగానికి పైగా ఆటగాళ్లు విదేశాల నుంచి వచ్చినవారే. వయసులో పెద్దవాళ్లు, అనుభవం ఉన్నవాళ్లు. ఆ సంగతీ గుర్తుంచుకోండి.

డివిజన్ వన్: పేరు పెద్దది, వారం ఇరుకు

ఈ స్థాయిలో 350కి పైగా విద్యాసంస్థలున్నాయి. టీవీలో కనిపించే కాలేజీ ఆటలన్నీ దాదాపు ఇవే. నిబంధన ప్రకారం సీజన్‌లో కోచ్ వారానికి 20 గంటలకు మించి సాధన చేయించకూడదు, ఒక రోజు సెలవివ్వాలి. కాగితం మీద బాగుంది. ప్రయాణాలు, ఫిజియో దగ్గర గడిపే సమయం, ‘ఇష్టముంటేనే రండి’ అనే సాధనలు ఆ లెక్కలోకి రావు. వారానికి 30 గంటలు దాటుతోందని డివిజన్ వన్ ఆటగాళ్లే ఎన్‌సీఏఏ సర్వేల్లో చెప్పారు.

మా అమ్మాయి పన్నెండో తరగతి మొదట్లో ఒక డివిజన్ వన్ కాలేజీకి వెళ్లి, జట్టులోని ఒక అమ్మాయి గదిలో రెండు రాత్రులు ఉంది. తిరిగొచ్చాక ఆ అమ్మాయి సోమవారం ఎలా గడిచిందో ఒక కాగితం మీద రాసి ఫ్రిజ్ తలుపుకు అంటించింది. అయిదున్నరకు లేవడం. ఆరు నుంచి ఎనిమిది దాకా నీళ్లలో. తొమ్మిది నుంచి ఒంటిగంట దాకా తరగతులు. రెండింటికి బరువులు ఎత్తడం. మూడు నుంచి అయిదున్నర దాకా మళ్లీ నీళ్లలో. భోజనం, రెండు గంటల చదువు, పదింటికి నిద్ర. కింద వేరే రంగు పెన్నుతో ఒక వాక్యం: ‘ఈమె కెమికల్ ఇంజనీరింగ్‌లో చేరి మానేసింది. ల్యాబ్ మధ్యాహ్నం రెండు నుంచి అయిదు.’

ఆ ఒక్క వాక్యం మా నిర్ణయాన్ని సగం తేల్చింది. మన పిల్లల్లో చాలామంది ఇంజనీరింగ్, కంప్యూటర్ సైన్స్, మెడిసిన్‌కు ముందు చదివే కోర్సులే ఎంచుకుంటారు. వాటి ల్యాబులు ఎక్కువగా మధ్యాహ్నాలే. సాధనా మధ్యాహ్నమే. అన్నిచోట్లా గొడవ వస్తుందని కాదు, సర్దుబాటు చేసే కోచ్‌లు ఉన్నారు. కానీ ‘మీ జట్టులో ఇంజనీరింగ్ చదువుతున్నవాళ్లు ఎంతమంది, వాళ్లు ఏ సంవత్సరంలో ఉన్నారు?’ అని అడిగితే అసలు విషయం బయటపడుతుంది. అందరూ మొదటి సంవత్సరంలోనే ఉన్నారంటే తర్వాత ఏమైందో మీరే ఊహించుకోవచ్చు.

2025 నుంచి ఇంకో పెద్ద మార్పు వచ్చింది. ఎన్‌సీఏఏ మీద ఆటగాళ్లు వేసిన, వారిలో ఒకరైన గ్రాంట్ హౌస్ పేరుతో పిలిచే ‘హౌస్’ దావాలో రాజీని 2025 జూన్ 6న కోర్టు ఆమోదించింది. దాంతో ఆ ఒప్పందంలో చేరిన కాలేజీలు తమ ఆటగాళ్లకు నేరుగా డబ్బు చెల్లించవచ్చు. మొదటి ఏడాది ఒక్కో కాలేజీకి పరిమితి సుమారు 2.05 కోట్ల డాలర్లు. ఆ డబ్బులో అధిక భాగం ఫుట్‌బాల్‌కు, బాస్కెట్‌బాల్‌కు పోతుంది. మన పిల్లల ఆటలకు తగిలేది ఇంకో నిబంధన. స్కాలర్‌షిప్‌ల సంఖ్య మీద పరిమితి తీసేసి, దాని బదులు జట్టులో ఎంతమంది ఉండవచ్చో పరిమితి పెట్టారు. టెన్నిస్‌కు 10 మంది, గోల్ఫ్‌కు 9 మంది, క్రాస్ కంట్రీకి 17 మంది, ఈతకు 30 మంది. కొన్ని కాన్ఫరెన్స్‌లు ఇంకా తగ్గించుకున్నాయి.

ఇంతకుముందు స్కాలర్‌షిప్ లేకుండా ‘వాక్-ఆన్’గా చేరి, రెండేళ్లు కష్టపడి, మూడో ఏడు జట్టులో నిలదొక్కుకునేవారు. ఆ మెట్టు ఇప్పుడు బాగా సన్నబడింది. మా పరిచయస్తుల అబ్బాయి ఒకడు అలాగే చేరాడు. మొదటి ఏడాది ముగిసేసరికి ‘జట్టు కుదించాలి, క్షమించు’ అని కోచ్ పిలిచి చెప్పాడు. ఆ కాలేజీని అతను ఎంచుకున్నది జట్టు కోసమే. జట్టు పోయాక, ఇంటికి పద్నాలుగు వందల మైళ్ల దూరంలో, తనకు పెద్దగా ఇష్టం లేని కోర్సుతో మిగిలాడు. అందుకే నా సలహా కచ్చితంగా చెబుతున్నాను. స్కాలర్‌షిప్పూ రాతపూర్వక హామీ రెండూ లేని డివిజన్ వన్ వాక్-ఆన్ దారి, ఈ రోజుల్లో ఉన్న దారులన్నిటిలోకీ ప్రమాదకరమైనది. ఆ కాలేజీలో జట్టు లేకపోయినా మీ బిడ్డ సంతోషంగా చదువుకోగలడంటేనే దానికి సిద్ధపడండి.

స్కాలర్‌షిప్ అనే మాట వినగానే

మన ఇళ్లలో ఈ మాటకు ఒక మెరుపుంది. ఊళ్లో తాతగారికి ఫోన్ చేసి ‘పిల్లకు స్కాలర్‌షిప్ వచ్చింది’ అని చెప్పే ఆనందం నాకూ తెలుసు. కానీ ఈత, టెన్నిస్, గోల్ఫ్ లాంటి ఆటల్లో పూర్తి స్కాలర్‌షిప్ అరుదు. కోచ్ దగ్గర ఉన్న మొత్తాన్ని పదిమందికీ పంచుతారు.

ఒక ఉదాహరణ లెక్క వేద్దాం. ఒక ప్రైవేటు కాలేజీకి వసతి, భోజనంతో కలిపి ఏడాదికి 80,000 డాలర్లు. అందులో ట్యూషన్ 60,000. కోచ్ ట్యూషన్‌లో పావు వంతు ఇస్తానన్నారు, అంటే 15,000. మీరు కట్టాల్సింది 65,000. మీ రాష్ట్రంలోని ప్రభుత్వ విశ్వవిద్యాలయానికి అన్నీ కలిపి 30,000 అనుకోండి. ‘స్కాలర్‌షిప్ వచ్చిన’ కాలేజీ మీకు ఏడాదికి 35,000, నాలుగేళ్లకు 1,40,000 డాలర్లు ఎక్కువ పడుతోంది. ఆ డబ్బు పెట్టగలిగిన వారు పెట్టవచ్చు, బిడ్డకు అక్కడే వెళ్లాలని ఉంటే అది మంచి కారణమే. ఆట వల్ల చదువు చౌక అవుతోంది అని మాత్రం అనుకోవద్దు. ఆ సాయం ఒక్క ఏడాదికా, నాలుగేళ్లకా, గాయమైతే కొనసాగుతుందా అన్నది కాగితం మీద చూసుకోండి. ఒక కాలేజీలో చేరతానని విద్యార్థి సంతకం చేసే పాత ‘నేషనల్ లెటర్ ఆఫ్ ఇంటెంట్’ పద్ధతిని 2024 అక్టోబరులో రద్దు చేశారు. ఇప్పుడు కాలేజీ ఇచ్చే ఆర్థిక సహాయ ఒప్పందమే ఆధారం. ఫోనులో కోచ్ చెప్పిన మాట ఒప్పందం కాదు.

ఐవీ, డివిజన్ టూ

హార్వర్డ్, యేల్ లాంటివి ఉన్న ఐవీ లీగ్‌లోని ఎనిమిది కాలేజీలూ డివిజన్ వన్‌లోనే ఆడతాయి కానీ ఆట పేరుతో స్కాలర్‌షిప్ ఇవ్వవు. కుటుంబ ఆదాయాన్ని బట్టి మాత్రమే సహాయం. హౌస్ ఒప్పందంలోనూ అవి చేరలేదు. కోచ్ మద్దతు ఉంటే ప్రవేశంలో చాలా బలం చేకూరుతుంది. కానీ ఆ మద్దతు దొరకాలంటే మార్కులూ ఆటా రెండూ చాలా ఎత్తులో ఉండాలి. ‘ఆట ఉంటే ఐవీ సులువు’ అన్న మాట విని పన్నెండేళ్ల పిల్లలను ఫెన్సింగ్‌లో చేర్చేవారిని చూస్తుంటే నాకు బాధ కలుగుతుంది. ఆ పిల్లలు ఆటను ఆటగా ఎప్పుడు చూస్తారు?

డివిజన్ టూలో దాదాపు 300 సంస్థలున్నాయి, పాక్షిక స్కాలర్‌షిప్‌లు ఇస్తాయి, సాధన ఒత్తిడి డివిజన్ వన్ కన్నా కొంత తక్కువ. మన కుటుంబాలు వీటి వైపు చూడవు, పేర్లు తెలియవు కాబట్టి. మీ బిడ్డకు కావాల్సిన కోర్సు అక్కడ బాగుంటే ఒకసారి చూసి రండి.

డివిజన్ త్రీ: నేను ఎక్కువగా చెప్పాలనుకున్నది ఇదే

‘త్రీ’ అని వినగానే మూడో తరగతి అనుకుంటాం. నేనూ అలాగే అనుకున్నాను. ఎంఐటీ, కాల్‌టెక్, షికాగో విశ్వవిద్యాలయం, కార్నెగీ మెలన్, ఎమరీ, న్యూయార్క్ విశ్వవిద్యాలయం, విలియమ్స్, ఆమ్‌హర్స్ట్ అన్నీ డివిజన్ త్రీలోనే ఆడతాయి. 400కు పైగా కాలేజీలున్న ఈ డివిజన్ సంఖ్యలో అన్నిటికన్నా పెద్దది. ఆటకు స్కాలర్‌షిప్ ఉండదు, అదే ఇక్కడి మూల సూత్రం. చదువులో ప్రతిభకో, కుటుంబ అవసరానికో ఇచ్చే సహాయం ఉంటుంది.

స్కాలర్‌షిప్ లేకపోవడం వల్ల ఒక మేలు ఉంది. మీ బిడ్డ జట్టు మానేసినా కాలేజీ ఫీజు మారదు. కోచ్ చేతిలో మీ డబ్బు లేదు కాబట్టి, ప్రతి ఏటా ఆ బిడ్డ ఆడటానికి ఇష్టపడుతోంది కాబట్టే ఆడుతుంది. సీజన్ కూడా చిన్నది. మా అమ్మాయి రెండో విడతలో చూసిన కాలేజీలో సాయంత్రం సాధన మధ్యలో ఇద్దరు నీళ్లలోంచి లేచి, తువ్వాలు చుట్టుకుని, తడి జుట్టుతోనే సంచి భుజాన వేసుకుని వెళ్లిపోయారట. కోచ్ చేయి ఊపి పంపించాడట. ఎక్కడికని అడిగితే ‘ఫిజిక్స్ ల్యాబ్, వాళ్లు రేపు ఉదయం వేరేగా ఈదుతారు’ అన్నాడట. ఈ సంగతి చెబుతున్నప్పుడు మా అమ్మాయి ముఖంలో వెలుగు చూశాను.

ప్రవేశం విషయంలో జాగ్రత్త అవసరం. ఎంఐటీ, కాల్‌టెక్ లాంటి చోట్ల కోచ్ మంచి మాట రాయవచ్చు, అంతే, సీటుకు హామీ కాదు. మరికొన్ని కాలేజీల్లో కోచ్ మాటకు ఎక్కువ బరువుంటుంది. పదకొండో తరగతి ముగిశాక వేసవిలో మార్కులు పంపితే అడ్మిషన్ కార్యాలయం ముందుగా చూసి అవకాశం ఎంతో చెబుతుంది. దాన్ని ‘ప్రీ-రీడ్’ అంటారు. ఆ తర్వాత కోచ్ తరచుగా ‘ఎర్లీ డెసిషన్‌లో దరఖాస్తు చెయ్యి’ అంటారు. అలా చేసి సీటు వస్తే చేరడానికి కట్టుబడినట్టే. ఇతర కాలేజీల ఖర్చుతో పోల్చుకునే వీలుండదు. కాబట్టి ఆ కాలేజీ వెబ్‌సైట్‌లోని నెట్ ప్రైస్ కాలిక్యులేటర్‌లో మీ ఆదాయం వేసి, వచ్చిన అంకె భరించగలమా అని ఇంట్లో కూర్చుని మాట్లాడుకున్నాకే సరే అనండి. మేము రెండు రాత్రులు ఆ అంకె ముందు కూర్చున్నాం.

క్లబ్ జట్టు

పెద్ద ప్రభుత్వ విశ్వవిద్యాలయాల్లో చాలా ఆటలకు విద్యార్థులే నడిపే క్లబ్ జట్టు ఉంటుంది. సాధన వారానికి రెండు మూడు సాయంత్రాలు, పరీక్షల వారం రాకపోయినా ఎవరూ ఏమీ అనరు. టెన్నిస్‌కు అమెరికా టెన్నిస్ సంఘం యూఎస్‌టీఏ నడిపే ‘టెన్నిస్ ఆన్ క్యాంపస్’ ద్వారా జాతీయ స్థాయి పోటీలు కూడా ఉన్నాయి. ఇంకా తేలికగా కావాలంటే హాస్టళ్ల మధ్య జరిగే ఇంట్రామ్యూరల్ పోటీలు ఉంటాయి. ఇంజనీరింగ్‌కు మంచి ప్రభుత్వ విశ్వవిద్యాలయంలో తక్కువ ఖర్చుకు సీటు వచ్చి, ఆట మీద ప్రేమ ఇంకా మిగిలి ఉన్న పిల్లలకు ఇదే చక్కని దారి. డివిజన్ వన్ వాక్-ఆన్ గురించి ఆలోచిస్తున్న పదిమందిలో ఎనిమిది మందికి నేను దీన్నే చెబుతాను.

ఆపడం

ఇది ఓటమి కాదు, ఒక ఎంపిక. కానీ అలసిపోయిన బిడ్డకూ, ఆటతో పని పూర్తయిన బిడ్డకూ తేడా తెలుసుకోవాలి. రెండూ బయటికి ఒకేలా కనిపిస్తాయి.

మా అబ్బాయి పదో తరగతిలో శుక్రవారం రాత్రుల్లో ఫోనులో వాతావరణం చూస్తుండేవాడు. శనివారం టోర్నమెంట్ ఆగిపోతుందేమో అని దిగులు పడుతున్నాడనుకుని, ‘వాన రాదులేరా’ అని ధైర్యం చెప్పేవాణ్ని. ఒకరోజు భోజనాల దగ్గర, ప్లేటులోంచి తలెత్తకుండా అన్నాడు: ‘నాన్నా, నేను వాన రావాలని చూస్తున్నాను.’ ఎన్ని శుక్రవారాలు అలా చూశాడో అడిగే ధైర్యం నాకు చాలలేదు.

వెంటనే మాన్పించలేదు. సీజన్ పూర్తిచేయించి, ఆరు వారాలు రాకెట్ మాటే ఎత్తకుండా ఉన్నాం. సంచి గరాజ్‌లో కొక్కేనికి వేలాడుతూ ఉండిపోయింది. రెండు నెలల తర్వాత నేనే జిప్ తీశాను. విప్పని గ్రిప్ టేపు చుట్టలు, సగం తాగిన నీళ్ల సీసా అలాగే ఉన్నాయి. అక్క సంగతి వేరు. ఆమెకు భుజం నొప్పి వచ్చి డాక్టరు ఆరు వారాలు నీళ్లలో దిగవద్దన్నప్పుడు, రోజూ కొలను దగ్గరికే వెళ్లి మెట్ల మీద కూర్చుని, స్టాప్‌వాచ్ పట్టుకుని స్నేహితుల సమయాలు నోట్‌బుక్‌లో రాసింది. మీ బిడ్డకు విశ్రాంతి ఇచ్చి చూడండి. చేయి దానంతట అదే ఆట వైపు వెళ్తుందా, లేదా? కోచ్‌లు, కౌన్సిలర్లు చెప్పలేని జవాబు అక్కడ దొరుకుతుంది.

ఆపాక వచ్చే ఖాళీకి సిద్ధపడండి. ఎనిమిదేళ్లు ‘టెన్నిస్ ఆడే అబ్బాయి’గా పేరున్నవాడికి ఒక్కసారిగా ఆ పేరు పోతుంది. మొదటి రెండు నెలలు మావాడు సాయంత్రాలు నిద్రపోయాడు. ఆ ఖాళీలోకి మరునాడే శాట్ కోచింగ్ దూర్చేయవద్దని చేతులు జోడించి అడుగుతున్నాను. ఇప్పుడు స్కూలు పత్రికకు ఆటల వార్తలు రాస్తున్నాడు, అది తనే వెతుక్కున్నాడు.

చదువు కోసం ఆపాలా అన్న ప్రశ్న టెక్సస్‌లో ఇంకా గట్టిగా వస్తుంది. యూటీ ఆస్టిన్ 2026 ప్రవేశాల నుంచి నేరుగా సీటు ఇచ్చే పరిమితిని తరగతిలో మొదటి 6 శాతం నుంచి 5 శాతానికి తగ్గించింది. చాలా స్కూళ్లలో ఆటల పీరియడ్‌కు ర్యాంకు లెక్కలో అదనపు పాయింట్లు రావు. ఆ పీరియడ్ స్థానంలో కాలేజీ స్థాయి ఏపీ (అడ్వాన్స్‌డ్ ప్లేస్‌మెంట్) కోర్సు పెట్టుకుంటే ర్యాంకు పెరుగుతుందని పిల్లలు ఆట మానేస్తున్నారు. ర్యాంకులో ఒక మెట్టు కోసం బిడ్డ ప్రాణంగా చూసుకునే ఆటను తీసేయడం నాకు నచ్చదు. ఆ బిడ్డ ఎటూ వాన కోసం చూస్తుంటే మాత్రం ఇంకో కారణం అవసరం లేదు. దరఖాస్తులో బాగుంటుందని పన్నెండో తరగతి దాకా ఈడ్చడం కూడా వృథా. కోచ్ ఎంపిక చేయని ఆట దరఖాస్తులో మరో వ్యాపకం మాత్రమే.

పెట్టిన డబ్బు గురించి: అది ఖర్చయిపోయింది. బిడ్డ ఇంకో నాలుగేళ్లు ఆడినా తిరిగి రాదు.

హెచ్-4 మీద ఉన్న పిల్లలు

గ్రీన్‌కార్డు వరుసలో ఉన్న మన కుటుంబాలు ఇది తప్పక చూసుకోవాలి. ఆట స్కాలర్‌షిప్ ఇవ్వడానికి పౌరసత్వం అడ్డు కాదు. కానీ ఫెడరల్ ప్రభుత్వ విద్యా సహాయం హెచ్-4 (హెచ్-1బీ ఉద్యోగుల కుటుంబానికి ఇచ్చే వీసా) పిల్లలకు రాదు. కుటుంబ అవసరాన్ని బట్టి ఇచ్చే సహాయం విషయంలో చాలా ప్రైవేటు కాలేజీలు వీరిని విదేశీ విద్యార్థులుగానే లెక్కిస్తాయి. డివిజన్ త్రీ, ఐవీ లెక్కలు దీనివల్ల పూర్తిగా మారిపోవచ్చు. 2021 జులై నుంచి ఆటగాళ్లు తమ పేరు, రూపం ద్వారా డబ్బు సంపాదించడానికి అనుమతి ఉంది. హెచ్-4 మీద ఉన్న పిల్లలకు పనిచేసే హక్కు లేదు కాబట్టి, ఒక బట్టల దుకాణం ఉచితంగా బూట్లిచ్చి ఫోటో పెట్టమన్నా సరే, వలస న్యాయవాదిని అడగకుండా ఒప్పుకోవద్దు. 21 ఏళ్లు నిండితే హెచ్-4 హోదా పోతుంది, ఎఫ్-1 విద్యార్థి వీసాకు మారాల్సి వస్తుంది. అది సరిగ్గా మూడో, నాలుగో సంవత్సరం సీజన్‌లో పడుతుంది. తేదీ ముందే లెక్కపెట్టుకోండి.

ఎప్పుడు, ఎలా

డివిజన్ వన్‌లో చాలా ఆటలకు పదో తరగతి ముగిశాక జూన్ 15 నుంచి కోచ్‌లు విద్యార్థులతో నేరుగా మాట్లాడవచ్చు. పదకొండో తరగతికి ముందు ఆగస్టు 1 నుంచి కాలేజీ ఖర్చుతో సందర్శనకు పిలవవచ్చు. హైస్కూలులో 16 ప్రధాన కోర్సులు పూర్తిచేయాలి. డివిజన్ వన్‌కు వాటిలో సగటు గ్రేడు (జీపీఏ) 4కు 2.3 ఉండాలి. మన పిల్లలకు మార్కులతో సాధారణంగా ఇబ్బంది రాదు, ఎన్‌సీఏఏ ఎలిజిబిలిటీ సెంటర్‌లో నమోదు చేసుకోవడం మరచిపోతారు, అదే ఇబ్బంది.

కోచ్‌లకు ఈమెయిలు బిడ్డే రాయాలి. తండ్రి రాసిన ఈమెయిలు మొదటి వరుసలోనే తెలిసిపోతుందని ఒక కోచ్ నాతో నేరుగా అన్నారు. జవాబులు వచ్చాక అడగాల్సినవి కొన్ని: ఈ ఏడాది జట్టులో ఎంతమంది, వారిలో చివరి సంవత్సరం వాళ్లెంతమంది? గత మూడేళ్లలో మధ్యలో మానేసినవారు, వేరే కాలేజీకి మారినవారు ఎందరు? మా అమ్మాయిని అడ్మిషన్ కార్యాలయం ముందు సమర్థిస్తారా, లేక ‘సీటు వస్తే జట్టులో చోటుంది’ అంటున్నారా? ఈ చివరి రెండిటికీ చాలా తేడా ఉంది. మాటలు మాత్రం దాదాపు ఒకేలా వినిపిస్తాయి. గాయమైతే వైద్యం ఖర్చు ఎవరిది? కోచ్ ముఖం చిట్లిస్తారేమో అని భయపడవద్దు. మంచి కోచ్‌లు ఈ ప్రశ్నలకు సంతోషంగా జవాబిచ్చారు. ఒకరిద్దరు మాట దాటేశారు, వాళ్ల పేర్లు మా జాబితాలోంచి తీసేశాం.

జట్టులోని పిల్లలతో మాట్లాడేటప్పుడు తల్లిదండ్రులు పక్కన ఉండవద్దు. కాఫీ తాగి రండి. మీ ముందు వాళ్లు నిజం చెప్పరు.

ఏ దారి ఎంచుకున్నా, వద్దనుకున్న కోచ్‌లకు ఆ రోజే ఫోన్ చేసి చెప్పాలి. దీన్ని వాయిదా వేసే కుటుంబాలు చాలా ఉన్నాయి, మొహమాటంతో. మా అమ్మాయి పావు వంతు స్కాలర్‌షిప్ ఇస్తానన్న డివిజన్ వన్ కోచ్‌కు ఫోన్ చేసినప్పుడు నేను వంటింట్లో గిన్నెలు కడుగుతున్నాను. నీళ్లు ఆపేసి విన్నాను. మూడు నిమిషాలు కూడా పట్టలేదు. ఇన్నాళ్లూ సమయం ఇచ్చినందుకు కృతజ్ఞతలు చెప్పింది, వేరేచోట చేరుతున్నానంది, ఆ తర్వాత కాసేపు అవతలి మాట వింటూ నిలబడింది. పెట్టేశాక బయటికి వచ్చింది. ‘కోపపడ్డారా?’ అన్నాను. లేదంది. ఆ చోటు కోసం ఒహాయోలో ఒక అమ్మాయి రెండు వారాలుగా ఎదురుచూస్తోందట, ఈ సాయంత్రమే ఆమెకు ఫోన్ చేస్తానన్నారట.